పెళ్లి మిక్సింగ్ నుంచి సినిమా ఎడిటింగ్‌కి: నేను సమస్యను తప్పుగా పట్టిన ఒక కేసు

నేను ఎడిటింగ్‌లకు వచ్చి 20 ఏండ్లు దాటింది. హైదరాబాద్‌ల సీరియళ్లు, కొన్ని సినిమాలు చేసి 2020ల కరోనాకు హనుమకొండ వాపస్ వచ్చి నక్కలగుట్ట దిక్కు చిన్న ఎడిట్ రూమ్ పెట్టుకున్న. అప్పటిసంది పరకాల, నర్సంపేట, హుజూరాబాద్, జనగామ నుంచి పిల్లలు వచ్చి కూసుంటరు, అన్నా సినిమాలకు పోవాలె ఎట్ల అని అడుగుతరు. 67వ జాతీయ అవార్డుల్లో నవీన్ నూలికి ఉత్తమ ఎడిటర్ అవార్డు వచ్చినంక ఇంకా ఎక్కువైండ్రు. అందరి గురించి రాయలేను, ఒక్కరి గురించి రాస్తున్న, ఎందుకంటే ఈయన విషయంల నేను దగ్గర దగ్గర ఆరు నెలలు తప్పు దారిల నడిపించిన, ఆ తప్పు ఇంకొకరు చేయొద్దని.

పేరు, ఊరు, కొన్ని వివరాలు మార్చిన. రాసినంక అతనికే సదివి వినిపించి, సరే అన్నా అన్నంకనే పెడుతున్న. ఇక్కడ శ్రీను అందాం.

నేపథ్యం

వరంగల్‌కు గంట దూరంల ఒక మండల కేంద్రం. బాపు పత్తి రైతు. శ్రీను డిగ్రీ రెండో సంవత్సరంల ఆపేసి ఒక ఫోటో స్టూడియోల మిక్సింగ్‌కు కూసున్నడు. మన దిక్కు పెళ్లి వీడియోను ఎడిటింగ్ అనరు, మిక్సింగ్ అంటరు, ఆ మాటలనే పని ఏందో ఉన్నది, అన్నీ కలపాలె, ఏదీ పోవద్దు. ఎడియస్ అనే సాఫ్ట్‌వేర్ మీద పని. మాఘం, ఫాల్గుణం, వైశాఖం, శ్రావణం వస్తే రోజుకు 14 గంటలు, ఆషాఢమో మూఢమో వస్తే ఖాళీ. రెండు వీడియో కెమెరాలు, ఒక క్యాండిడ్, ఒక డ్రోన్, మొత్తం 7 గంటల ఫుటేజ్ వస్తది, అందులకెళ్లి రెండున్నర గంటల ఫుల్ వీడియో, 4 నిమిషాల ప్రోమో తియ్యాలె. నాలుగేండ్లు ఇదే.

తర్వాత హైదరాబాద్‌ల ఒక న్యూస్ ఛానెల్‌ల రెండేండ్లు, ప్యాకేజీలు కొట్టిండు. రిపోర్టర్ స్క్రిప్ట్, వాయిస్ ఓవర్ వస్తది, దాని మీద విజువల్స్ పరచాలె, మధ్యల బైట్ (మనుషులు కెమెరాకు చెప్పిన మాట ముక్క) పెట్టాలె, బులెటిన్ టైమ్‌కు ఇయ్యాలె. చెయ్యి బాగా స్పీడైంది. పెండ్లయినంక ఊరికి వచ్చి సొంతంగ మిక్సింగ్ యూనిట్ పెట్టిండు, దాంతోపాటు యూట్యూబ్‌కు జానపద పాటలు కట్ చేసుడు మొదలుపెట్టిండు. 2024 ఫిబ్రవరి మేడారం జాతర ముందు రెండు నెలల్ల సమ్మక్క సారలమ్మ పాటలే తొమ్మిది చేసిండట.

అంటే నా దగ్గరికి వచ్చేనాటికి 7 ఏండ్ల అనుభవం, 29 ఏండ్ల వయసు, భార్య, ఒక బిడ్డ. ఈ లెక్క తర్వాత ప్రతి నిర్ణయంల అడ్డం వస్తది, అందుకే ముందే చెప్తున్న.

ఏం సమస్యతోని వచ్చిండు

2024 ఎండకాలంల వచ్చిండు. 'అన్నా, 15 ఆఫీసులకు షోరీల్ పంపిన, ఒక్క ఫోన్ రాలే. రెండు చోట్ల టెస్ట్ కట్ ఇచ్చిండ్రు, ఒక్క రాత్రిల చేసి పంపిన, చెప్తం అన్నరు, మల్ల లేదు. నాకంటే తక్కువ పని వచ్చినోళ్లు కృష్ణానగర్‌ల ఉండి అసిస్టెంట్లు అయితున్నరు, నాకేం తక్కువ?'

షోరీల్ చూసిన, అంటే చేసిన పనులకెళ్లి ముక్కలు కలిపిన వీడియో. రెండు నిమిషాలు, ఎక్కడా ఆగదు. డ్రోన్ లేస్తది, అక్షింతలు స్లోమోషన్‌ల పడ్తయి, ట్రాన్సిషన్లు, స్పీడ్ ర్యాంపులు, బీట్‌కు కట్. నీట్‌గ ఉన్నది, చేతిల పని ఉన్నదని తెలుస్తది. కాని చూసినంక నాకు మనిషి మొహం ఒక్కటి యాదికి లేదు. ఇది నాకు ఆ రోజే అనిపించింది, అనిపించినా దాన్ని పక్కకు పెట్టి సులువుగ కనపడ్డ కారణం పట్టుకున్న: ఈయనకు ఎడియస్ తప్ప వేరే తెల్వది, సినిమా ఆఫీసుల్ల ఎవిడ్, ప్రీమియర్ నడుస్తయి, అదే అడ్డం అనుకున్న.

సాఫ్ట్‌వేర్ మీద పోయిన మూడు నెలలు

నా ఆలోచన తప్పేం కాదు అనిపిస్తది పైకి చూస్తే, ఎందుకంటే అసిస్టెంట్‌ను తీసుకునేటోళ్లు మొదటి ప్రశ్నే ఎవిడ్ వచ్చా అని అడుగుతరు. అందుకే మూడు నెలలు వారంల నాలుగు రోజులు కూసోబెట్టి బిన్లు (క్లిప్పులు సర్దే ఫోల్డర్లు) ఎట్ల పెట్టాలె, క్లాప్ చూసి సౌండ్ సింక్ ఎట్ల చెయ్యాలె, ప్రాక్సీలు (ఫుటేజ్‌కు చిన్న సైజు కాపీలు), పైలట్ ట్రాక్ (షూటింగ్ కాడ రికార్డైన సౌండ్), రీళ్లు విడగొట్టుడు అన్నీ నేర్పిన. శ్రీను మస్తు తొందరగ నేర్చుకున్నడు. తర్వాత నా పాత సీరియల్ సీన్ ఒకటి రషెస్ (కట్ చెయ్యని మొత్తం ఫుటేజ్) ఇచ్చి కట్ చెయ్యమన్న. చేసిండు. చూస్తే అదే షోరీల్ మనిషి, కొత్త సాఫ్ట్‌వేర్‌ల. మాట ఎవరిదైతే మొహం వాళ్లది, ప్రతి రెండు సెకన్లకు కట్, ఎక్కడన్న నిశ్శబ్దం వస్తే కింద మ్యూజిక్.

అప్పుడన్నా ఆగాలె, ఆగలే. షోరీల్ మార్చుదాం అన్న. ట్రాన్సిషన్లు తీసేసి, పాటల ముక్కలు తగ్గించి కొత్తది చేసినం, ఇంకో ఎనిమిది మందికి పంపినం. ఏం రాలే. ఇప్పుడు ఆలోచిస్తే తెలుస్తది, షోరీల్‌ల ఎడిటర్ తీసుకున్న నిర్ణయం కనపడది, తీసేసింది కనపడది, ఉన్నది మాత్రమే కనపడ్తది. మెరిసే షాట్లు కెమెరామెన్‌వి. చూసేటోడికి ఎడిటర్ గురించి ఏం తెల్వది.

పుణె ఫిల్మ్ స్కూల్ ఎఫ్‌టీఐఐకి ఎందుకు పంపలే అని కొంతమంది అడిగిండ్రు. అప్పుడు అక్కడ ఎడిటింగ్ కోర్సు మూడేండ్లు, డిగ్రీ ఉండాలె, ఈయన డిగ్రీ సగంల ఉన్నది, ఇంట్ల పసిబిడ్డ. ఆ దారి 22 ఏండ్లప్పుడు అయితే నేనే పంపుదును.

చిన్న సినిమా, ఒక సీన్

ఆ టైమ్‌ల మన దిక్కే ఒక కొత్త డైరెక్టర్ తక్కువ బడ్జెట్‌తోని గంటా నలభై నిమిషాల సినిమా తీసి, ఎడిట్ చెయ్యమని నా దగ్గరికి వచ్చిండు. నేను శ్రీనును కూసోబెడ్త, పక్కన నేనుంట అన్న. పైసలు తక్కువ కాబట్టి ఆయన ఒప్పుకున్నడు. నా లెక్క ఏందంటే, శ్రీనుకు కథ ఉన్న ఫుటేజ్ దొరుకుతది, ఎదురుంగ ప్రశ్న అడిగే డైరెక్టర్ ఉంటడు, నేను ఎంత చెప్పినా డైరెక్టర్ అడిగినట్టు కాదు.

ఒక సీన్ దగ్గర మొత్తం బయటపడ్డది. సీన్ ఏందంటే, తండ్రి ఎనుమాముల మార్కెట్‌ల పత్తి అమ్మి పొద్దుమీకి ఇంటికొస్తడు, బిడ్డ కాలేజ్ ఫీజు అడుగుతది, తల్లి పొయ్యి కాడ ఉంటది. నాలుగు నిమిషాల సీన్, ఐదు సెటప్పులు, 14 టేకులు. శ్రీను మూడు గంటల్ల కట్ చేసిండు. డైరెక్టర్ రెండుసార్లు చూసి అన్నడు, 'సాఫీగనే ఉన్నది గని, ఈ సీన్ ఎవలిదో నాకు తెలుస్తలేదు.'

శ్రీను జవాబు, 'ముగ్గురిది సార్, ముగ్గురినీ సమానంగ పెట్టిన.'

ఆ మాట దగ్గర నాకు అర్థమైంది. పెళ్లి వీడియోల ముగ్గురినీ సమానంగ పెట్టుడే సరైన పని. పెద్దమ్మ కనపడకుంటే, పిల్ల మేనమామ కట్నం ఇచ్చింది రాకుంటే, స్టూడియో మీదికి లొల్లికొస్తరు. నాలుగేండ్లు ఎవర్నీ తీసెయ్యొద్దు అనే పని చేసిండు. తర్వాత రెండేండ్లు న్యూస్, అక్కడ తీసేస్తరు, బైట్‌ను 12 సెకన్లకు కోస్తరు, కాని ఏది ఉండాలె అనేది డెస్క్ చెప్తది, వాయిస్ ఓవర్ చెప్తది. జానపద పాటల్ల బీట్ చెప్తది. 7 ఏండ్లు టైమ్‌లైన్ ముందు కూసున్నడు, ఒక్క నిర్ణయం కూడా తనది కాదు. సినిమా ఎడిటర్‌కు పైసలు ఇచ్చేదే దేన్ని తీసెయ్యాలె, ఎందుకు అని చెప్పినందుకు. ఈయనకు ఆ కండరమే పని చెయ్యలే, నేను మాత్రం మూడు నెలలు ఎవిడ్ షార్ట్‌కట్లు నేర్పిన.

మూడు కట్లు, ఒక నోట్‌బుక్

అప్పుడు పెట్టిన పని ఇది. అదే సీన్ మూడుసార్లు కట్ చెయ్యాలె, ఒకసారి తండ్రి సీన్ లెక్క, ఒకసారి బిడ్డ సీన్ లెక్క, ఒకసారి తల్లి సీన్ లెక్క. రెండు షరతులు పెట్టిన. మ్యూజిక్ అసలే వద్దు. తీసేసిన ప్రతి టేక్‌కు నోట్‌బుక్‌ల ఒక వాక్యం రాయాలె, ఎందుకు తీసేసినవ్ అని, 'బాలేదు' అని రాయొద్దు.

మ్యూజిక్ ఎందుకు వద్దన్ననంటే, పెళ్లి ఎడిటర్‌కు పాట దుప్పటి లాంటిది, కట్ సరిగ పడకున్నా కప్పేస్తది. దుప్పటి తీస్తే పొయ్యి మీద నూనె చిటపట, బయట బండి స్టాండ్ ఏసిన చప్పుడు, గ్లాసు కింద పెట్టిన చప్పుడు వినపడ్తయి, కట్ ఎక్కడ పడాలెనో ఆ చప్పుళ్లే చెప్తయి. ఇంకోటి, మాట ముందు వినపడి మొహం తర్వాత రావాలెనా, మొహం మీద ఆగి మాటను అవతలి మనిషి మీదికి పోనియ్యాలెనా అనేది మ్యూజిక్ లేనప్పుడే చెవికి తెలుస్తది.

మొదటి రెండు కట్లు మామూలుగనే వచ్చినయి. నోట్‌బుక్‌ల వాక్యాలు కూడా 'ఫోకస్ సాఫ్ట్', 'డైలాగ్ తడబడ్డది' ఇట్లనే ఉండె, అవి టెక్నికల్ కారణాలు, నిర్ణయాలు కావు. నేను తిట్టలే, ఇంకోసారి రషెస్ మొత్తం చూడు అన్న, క్లాప్ కొట్టక ముందుది, డైరెక్టర్ కట్ అన్న తర్వాతది కూడా చూడు అన్న.

తండ్రి కట్ తెల్లారి మూడింటికి చూపెట్టిండు. డైలాగ్ అయిపోయింది, బిడ్డ లోపలికి పోయింది, తండ్రి అంగీ జేబులకెళ్లి తక్‌పట్టీ (పత్తి అమ్మిన లెక్క చిట్టీ) తీసి మడత మీద మడత పెడ్తుండు, మల్ల ఇప్పుతుండు, మల్ల మడుస్తుండు. 7 సెకన్లు. అది నటన కాదు, డైరెక్టర్ కట్ అన్నంక కూడా కెమెరా తిరుగుతుంటే ఆ నటుడు ఊరికే చేసిండు. రిపోర్ట్ షీట్‌ల ఆ టేక్ ఎన్‌జీ, అంటే పనికిరానిది. మేమందరం వదిలేసినం, నేను కూడా.

ఇది ఎట్ల దొరికింది తమ్మీ అని అడిగిన. శ్రీను చెప్పింది ఇప్పటికీ నా చెవుల్ల ఉన్నది. 'అన్నా, అప్పగింతలప్పుడు అందరం తల్లి మీద కెమెరా పెడ్తం, తల్లి ఏడుస్తది కాబట్టి. తండ్రి ఏడ్వడు. టెంట్‌హౌసోళ్ల దగ్గరికి పోయి కుర్చీలు లెక్కపెడ్తడు. నేను మస్తు పెళ్లిళ్లల్ల చూసిన, లెక్క సరిపోయినా మల్ల లెక్కపెడ్తడు. ఆ ముక్కలు ఎప్పుడూ వీడియోల పెట్టలే, పార్టీ ఒప్పుకోదని. ఈయన చిట్టీ మడుస్తుంటే అదే అనిపించింది.'

అప్పటిదాక ఆయన పెళ్లి పనిని నేను వదిలించాల్సిన అలవాటుగనే చూసిన. అది తప్పు. తీసేసే అలవాటు లేకపోవచ్చు, కాని కొన్ని వందల కుటుంబాలు ఏడ్చింది, నవ్వింది, కోపం దాచుకున్నది గంటలు గంటలు కండ్లార చూసిన మనిషి. అంత రషెస్ ఏ ఫిల్మ్ స్కూల్ల దొరుకుతది? నేను అడిగే ప్రశ్న మార్చుకుంటే చాలు అయిపోయింది. 'ఇది పెళ్లిల జరిగితే నువ్వు ఎవరిని చూస్తవ్' అని అడుగుడు మొదలుపెట్టిన, ఆ రోజునుంచి నోట్‌బుక్‌ల వాక్యాలు మారినయి. ఒకటి యాదికున్నది: 'తల్లి క్లోజప్ తీసేసిన, ఆమె ఇప్పుడే తెలుసుకున్నట్టు చూస్తుంది, ఆమెకు పొద్దుగాలనే తెలుసు.'

డైరెక్టర్ తండ్రి కట్ తీసుకున్నడు, బిడ్డ కట్‌ల నుంచి ఒక షాట్ కలిపించిండు.

25 ఫ్రేముల దెబ్బ

అంతా బాగైంది అనుకునే టైమ్‌కు, పిక్చర్ లాక్ అయినంక (ఇగ కట్లు మార్చం అనుకున్నంక) డీఐ వాళ్లు, అంటే సినిమాకు రంగులు సరిచేసేటోళ్లు, ఫోన్ చేసిండ్రు, మీరు పంపిన కట్ల లిస్ట్‌ల నంబర్లకు మా దగ్గరున్న ఫుటేజ్‌కు కలుస్తలేదు అని. చూస్తే షూట్ సెకనుకు 24 ఫ్రేములు, మా టైమ్‌లైన్ 25. టీవీ, పెళ్లి వీడియో రెండూ మన దేశంల 25, శ్రీను సేవ్ చేసి పెట్టుకున్న సెట్టింగ్ అదే, మొదటి క్లిప్ ఏసినప్పుడు సాఫ్ట్‌వేర్ అడిగింది మార్చాలెనా అని, అలవాటుకొద్ది వద్దు అని కొట్టిండు. 24 ఫుటేజ్‌ను 25 టైమ్‌లైన్‌ల ఏస్తే సాఫ్ట్‌వేర్ సెకనుకు ఒక ఫ్రేమ్ రెండుసార్లు చూపెట్టి నింపుతది. మామూలు షాట్‌ల కనపడది, చెరువు కట్ట మీద ప్యాన్ షాట్ ఉంటే సెకనుకోసారి చిన్న కుదుపు. నేను ఆ కుదుపు రెండుసార్లు చూసిన, ప్రాక్సీ ప్రాబ్లమ్ అనుకొని ముందుకు పోయిన. పక్కన కూసున్నది నేను, మొదటి రోజు చెక్ చెయ్యాల్సింది నేను.

అదే టైమ్‌లైన్‌ను 24ల ఆడిస్తే అయిపోతది కదా అని శ్రీను అడిగిండు, అడగాల్సిన ప్రశ్నే. 20 నిమిషాల రీల్ 25 లెక్కన 30,000 ఫ్రేములు, అవే ఫ్రేములు 24 లెక్కన ఆడితే 20 నిమిషాల 50 సెకన్లు. సౌండ్ మొత్తం జారిపోతది. అందుకే కొత్త 24 టైమ్‌లైన్ చేసి ప్రతి కట్ చేత్తోని కూసోబెట్టినం, 1100 పైచిలుకు కట్లు, ఇద్దరం తొమ్మిది రాత్రులు. డైరెక్టర్‌కు నేనే పోయి చెప్పిన, శ్రీను మీద పెట్టలే. ఆయన చాలాసేపు మాట్లాడలే, తర్వాత ఛాయ్ తెప్పించిండు.

దారి దొరికిన తీరు

షోరీల్ వదిలేసినం. దానికి బదులు ఆ ఒక్క సీన్, డైరెక్టర్ పర్మిషన్ తీసుకొని, రెండు కట్లు పక్కపక్కన, కింద ఒక్క పేజీ తెలుగుల: ఏ టేకులు తీసేసిన, ఎందుకు. ఈసారి 23 మందికి కాదు, నలుగురు ఎడిటర్లకే పంపినం, వాళ్ల పని శ్రీను కూసొని చూసినంకనే. ఎక్కువమందికి పంపొద్దు అనుకున్నది ఎందుకంటే, ఆ పేజీ సదివే ఓపిక ఉన్న మనిషే ఈయనకు గురువు కాగలడు. ఇద్దరు జవాబియ్యలే, ఒకరు బాగుంది అన్నరు, ఒకరు వచ్చి కలవమన్నరు.

పైసల లెక్క అప్పుడు తేల్చుకున్నం, నిజానికి ఇది మొదలే తేల్చుకోవాలె. సీజన్‌ల శ్రీను యూనిట్ మీద నెలకు వచ్చేదాంట్ల మూడో వంతు కూడా రాదు అసిస్టెంట్‌కు, అది కూడా టైమ్‌కు రాదు. యూనిట్ అమ్మేసి పోత అన్నడు, నేను ఒప్పుకోలే. అమ్మితే ఆ పైసలు ఏడాదిల అయిపోతయి, అప్పుడు భయంతోని ఏ పనికైనా ఊ అంటడు. బామ్మర్దిని యూనిట్‌ల కూసోబెట్టి, ఇద్దరు పిల్లల్ని పెట్టి, ఫుల్ వీడియోలు వాళ్లకు ఇచ్చి, తను నెలకు రెండు ప్రోమోలు మాత్రమే ఫోన్ల చూసి కరెక్షన్ చెప్పేటట్టు పెట్టినం. భార్యను కూసోబెట్టుకొనే ఈ లెక్క రాసినం, ఆమె ఏడాదిన్నర అన్నది, అంతకు మించి అడగొద్దు అన్నది.

2025 మొదట్ల కాజీపేటల కాకతీయ రైలు ఎక్కి హైదరాబాద్ పోయిండు. ఆఫీసుల మొదటి రోజు, ఎవరూ ఏం చెప్పకముందే, షూట్ ఎన్ని ఫ్రేములు, సౌండ్ 48 కిలోహెర్ట్జేనా, డీఐకి లిస్ట్ ఏ ఫార్మాట్‌ల కావాలె, సౌండ్‌వాళ్లకు ఏఏఎఫ్ అనే ఫైల్‌ల హ్యాండిల్స్ (ప్రతి కట్‌కు ముందు, వెనక ఉంచే అదనపు ముక్క) ఎన్ని పెట్టాలె అని అడిగిండట. ఆ ఎడిటర్ నాకు ఫోన్ చేసి ఈ పిల్లగాన్ని ఎక్కడ పట్టినవ్ అన్నడు. ఆ తొమ్మిది రాత్రుల గురించి చెప్పిన.

ఎనిమిది నెలలు సింక్, బిన్లు, రీళ్లు, రిఫరెన్స్ వీడియోలు. మధ్యల ఒకసారి వాపస్ వస్త అన్నడు, నిర్ణయం తీసుకునుడు నేర్పి మల్ల గుమాస్తా పనికి పంపిండ్రు అని. న్యాయమైన కోపమే. నేను చెప్పింది ఒక్కటే, ఎడిటర్ కట్ చూసినప్పుడల్ల తీసేసిన టేకులు నువ్వు మల్ల తెరిచి చూడు, ఎందుకు తీసిండో రాయి, తప్పు రాసినా పర్వాలే. తొమ్మిదో నెలల ఒక సీన్ రఫ్ చెయ్యమన్నరు.

నేను మార్చుకున్నవి

ఇప్పుడు ఎవరు వచ్చినా సాఫ్ట్‌వేర్ ఏందని అడుగుత లేను. చివరిసారి ఏం తీసేసినవ్, ఎవరు తీసెయ్యమన్నరు అని అడుగుత. రెండో ప్రశ్నకు 'నేనే' అని వచ్చిందా లేదా చూస్త. షోరీల్ చూడను, ఒక్క సీన్ రషెస్‌తో సహా తెమ్మంట. కొత్త ప్రాజెక్ట్ తెరిచినప్పుడు ఫ్రేమ్ రేట్ ఇద్దరం గొంతెత్తి సదువుతం, తర్వాతనే మొదటి క్లిప్ ఏస్తం.

తేలనివి కూడా ఉన్నయి. యూనియన్ కార్డు ఇంకా రాలే. డైరెక్టర్ ముందు మాట్లాడాలంటే శ్రీనుకు ఇంకా గొంతు దిగుతది, రాసింది ఉంటేనే చెప్పగలడు. భార్య ఇచ్చిన ఏడాదిన్నర దగ్గర పడ్డది, ఆ లెక్క ఈ నెలల మల్ల కూసొని చూస్తం. ప్రస్తుతం ఒక వెబ్ సిరీస్‌కు అసోసియేట్ ఎడిటర్.

మొన్న తన మేనత్త బిడ్డ పెళ్లికి వచ్చి, మిక్సింగ్ తనే కూసొని చేసిండు, రెండున్నర గంటలు, చుట్టాలు అందరూ ఉన్నరు. అప్పగింతల కాడ మాత్రం 40 సెకన్లు పాట బంద్ చేసి, మామ టెంట్‌హౌస్ ట్రాలీ పక్కన నిలబడ్డది పెట్టిండు. రెండు రోజులకు మేనత్త ఫోన్ చేసి అక్కడ పాట వస్తలేదు, కరాబైనట్టుంది చూడు అన్నదట. పాట ఏసి ఇచ్చిండు. పాట లేనిది హార్డ్ డిస్క్‌ల ఉంచుకున్నడు, నాకు చూపెట్టిండు.